తెల్లగీతల మీది మనిషి

మార్చి పద్నాలుగు పొద్దున కొడుకు తిన్నది రెండు ఉడికించిన గుడ్లు, అర ముక్క రొట్టె. మిగతా అర ముక్క చేతిలో ఉండగానే, నములుతూ నములుతూ కునుకు తీశాడు. "లేరా నాన్నా, టైమైంది" అని భుజం తట్టి లేపింది పెద్దాయనే. ఆయన్ని కంటి డాక్టరుకు చూపించే పని కూడా ఉండడంతో తండ్రీకొడుకులు కలిసే బయల్దేరారు. కూడలి దగ్గర లారీ గుద్ది మనిషి పోయాడు.

ఆ తర్వాత ఆ ఇంట్లో పొద్దునపూట గుడ్లు ఉడకలేదు.

"ఏడాది దాటిపోయింది కదండీ," అన్నాడు బీమా కంపెనీ మనిషి, సంచి ఒళ్ళో సర్దుకుంటూ. "ఆ అమ్మాయి వకీలు పిలిచాడని రేపు కోర్టుకి వెళ్తున్నారు. వెళ్ళండి. ఒక్క మాట అటూ ఇటూ చేస్తే ఏం మునిగిపోతుంది?"

"ఏ మాట?"

"మనిషే చూసుకోకుండా రోడ్డుకి అడ్డం వచ్చాడని."

"రాలేదు. రోడ్డు దాటే తెల్లగీతల మీదే ఉన్నాడు. ఆగమని చెయ్యి కూడా ఎత్తాడు."

"మీకు అప్పటికి కళ్ళజోడే లేదు!"

పెద్దాయన కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టాడు. "పేపరు చదవలేనుగానీ, దూరానివి బాగానే కనపడతాయి. మీ చొక్కాకి రెండో గుండీ లేదు. అవునా?"

అతని చెయ్యి గబుక్కున గుండెల మీదికి వెళ్ళింది. అప్పుడే లోపలి గదిలో మంచం కిర్రుమంది. అతను గొంతు తగ్గించాడు.

"పోయినవాడు తిరిగొస్తాడా పెద్దాయనా?"

"రాడు. అందుకే తన మాట తను చెప్పుకోలేడు."

"పరిహారం అసలే రాదనడం లేదు. తప్పులో సగం అతనిదని తేలితే ఆ అమ్మాయికీ, పసిదానికీ సగమైనా వస్తుంది. మా కంపెనీకీ కొంత తేలిక. మీకూ..."

"నాకేం తేలిక?"

"కన్నతండ్రి కదండీ! మీవాడి గురించి ఆలోచించరా?"

"ఏడాదిగా నాకింకో ఆలోచన లేదు."

పోయిన వాయిదాకి కోర్టు వరండాలో నిలబడి ఉంటే, భర్తను పోగొట్టుకున్న ఆ అమ్మాయి, భుజాన పిల్ల నిద్రపోతున్నా సరే, లేచి తన కుర్చీ ఆయనకిచ్చింది. కూర్చున్నంతసేపూ ఆయన తలెత్తలేకపోయాడు.

"రేపు ఇంకోటి కూడా చెప్తాను," అన్నాడు పెద్దాయన. "మావాడు రెండు రాత్రులు వరసగా డ్యూటీ చేసి వచ్చి, రొట్టె నములుతూనే కునుకు తీశాడని."

వచ్చినవాడు నోరు వెళ్ళబెట్టాడు. "అది మీవాడి మెడకే చుట్టుకుంటుందండీ!"

"చుట్టుకోనీ. నిద్ర లేనివాణ్ణి మళ్ళీ పనికి రమ్మన్నవాళ్ళ మెడకీ చుట్టుకోనీ. ఆ పసిది పెద్దదై, మా నాన్న తప్పేముందని అడిగితే, ఏమీ లేదని కోర్టు కాగితమే చెప్పాలి."

"మీతో వేగడం నా వల్ల కాదు."

"ఎవరు వేగమన్నారు? మెట్లు చూసుకుని దిగండి, మూడోది విరిగింది."

పెద్దాయన మెట్ల దీపం వేసి, అతను సందు మలుపు తిరిగేదాకా ఆర్పకుండా నిలబడ్డాడు. ఆ తర్వాత లోపలి గదిలోకి వెళ్ళాడు.

"పోయాడా?" మంచం మీంచి అడిగింది గొంతు.

"పోయాడు."

"రేపు ఉన్నదున్నట్టు చెప్పు. నా కోసం తడుముకోవద్దు."

"తడుముకోను. నువ్వు పడుకో."

జారిన దుప్పటి పైకి లాగి, దీపం ఆర్పాడు.

ఆ లారీ నడిపిన కొడుక్కి నిద్ర చెడకుండా తండ్రి మెల్లగా తలుపు వేశాడు.