వదిలిన మేక

నా టాబు పాతదైపోయి ఆట నత్తలా తెరుచుకుంటుంటే, పలమనేరులో సెల్లులు రిపేరు చేసే ప్రశాంతి దగ్గరికి తీసుకుపోయాను.

"కొత్తది తీసుకోకూడదా తాతా?"

"ఉండేదానికేం రోగం? పులిమేక ఆట ఒకటి నడిస్తే నాకు సాలు."

"అయితే మిగతావన్నీ తీసేస్తా. ఇంకో రెండేళ్లు ఆడుకోవచ్చు. ఎవరితో ఆడతావు?"

"మా తమ్ముడు యోగానందతో ఆడేవాణ్ణి. పొలం గట్టు తగువులో మాటలు పోయినా, వాడి టాబులో వాడు, నా టాబులో నేను, ఆట మాత్రం నిలపలేదు. పోయిన నెల సచ్చిపోయినాడు. అప్పట్నుంచీ ఒక్క ఎత్తూ వెయ్యలేదు. ఇంక మిషనుతోనే ఆడేట్టు పెట్టమ్మా."

ఆ పిల్ల తెర మీద చాలాసేపు వేలు జరిపి తలెత్తింది.

"పెట్టే పనే లేదు తాతా. ఈ పాత టాబులో బయటోళ్లతో ఆట రెండేళ్ల కిందటే నిలిచిపోయిండాది. అప్పట్నుంచీ నీతో ఆడింది మిషనే."

నాకు చదువు రాదు. తెర మీద ఏం రాసుందో ఒకరిని అడిగినవాణ్ణీ కాదు.

మా ఇంట్లో తప్పయిందని నోటితో చెప్పే అలవాటు లేదు. మా నాయన నేర్పింది ఒకటే. తప్పు చేసినవాడు ఆటలో ఒక మేకను కావాలని పులి నోటికి వదలాలి. అవతలివాడు దాన్ని తినకుండా పక్కకు జరిగితే క్షమించినట్టు.

గట్టు జరిపింది నేనే. అందుకే మొన్న ఉగాదినాడు, బతుకులో మొదటిసారి, ఒక మేకను వదిలాను. పులి దాన్ని తినేసింది.

ఆ కోపంతోనే వాడి శవాన్ని చూడ్డానికి కూడా పోలేదు.