మనుమరాలికి మందు పేరు

“అంపశిల్లమ్మనా? గా దేవత గుడి ఏ ఊర్ల ఉన్నదే బాలవ్వా? ఎన్నడు ఇనలే!” పక్కింటి సక్కుబాయి గోడ మీదుగా తల పెట్టి అడిగింది.

“దేవత గాదే, దేవతను మించింది. మందు! అంపిసిల్లిన్. నా మనుమరాలిని బతికిచ్చిన మందు. రేపు పోరికి గదే పేరు వెడుతున్న. పొద్దుగాల్నే రా.”

“మరి కొబ్బరికాయ కొట్టాల్నా?”

“మూత తీస్తే సాలు.”

లోపల ఉయ్యాల ఊపుతున్న నర్మద చెయ్యి ఆగిపోయింది. అత్త పదిహేను రోజులుగా ఈ మాటే అంటున్నా, ముసలిదాని ముచ్చటలే అనుకుంది తప్ప, వాడంతా పిలుపులు పోతాయనుకోలేదు.

సుల్తానాబాద్ మగ్గాల వాడలో ఆ ఇంటికి ఒక రివాజు ఉంది. చావు తప్పి బతికిన బిడ్డకు బతికించినవాళ్ల పేరే పెట్టాలి. నర్మద మామ చిన్నప్పుడు ఎవరూ కాపాడకపోయినా మొండిగా బతికాడు కనక మొండయ్య అయ్యాడు. మొగుణ్ణి కొండగట్టు దేవుడు కాపాడాడు కనక అంజన్న అయ్యాడు. ఇప్పుడు మూడు నెలల పాపకు నెమ్ము చేరి, అందరూ ఆశ వదులుకున్న పూట, బస్టాండు దగ్గరి రావు డాక్టరు ఒక పొడి సీసా ఇచ్చాడు. కాచి చల్లార్చిన నీళ్లు పోసి గిలకరించి, రోజుకు నాలుగుసార్లు తాపమన్నాడు. ఏడో రోజు పాప నవ్వింది. బాలవ్వ సీసాను కళ్లకద్దుకుని మొక్కేసింది.

నర్మద మాత్రం కడుపుతో ఉన్నప్పుడు రేడియోలో విన్న ‘కవిత’ అనే పేరు దాచిపెట్టుకుంది. కవితకూ కషాయానికీ మొదటి అక్షరం తప్ప పొత్తేముంది?

“ఏమయ్యా, రేపు బిడ్డ బడికి పోతే పంతులు ఏమని పిలుస్తడు?” అని మొగుణ్ణి నిలదీసింది.

“అంపిసిల్లిన్ అంటడు.”

“పిలిచే ముందు గిలకరిస్తడా?”

“అవ్వ మొక్కుకున్నది గదనే...” అంజన్న మరమగ్గం దగ్గరికి జారుకున్నాడు. మగ్గం చప్పుడులో ఎవరి మాటా వినబడదు. ఆ ఇంటి మగవాళ్లకు పని మీద అంత ప్రేమ అందుకే.

నర్మద పాపను చంకనేసుకుని దవాఖానకు పరుగెత్తింది. డాక్టరు ఎవరికో సూది వేయబోతున్నాడు.

“సారూ, రేపటి నుంచి నా బిడ్డ పేరు అంపిసిల్లిన్!”

సూది పట్టిన చెయ్యి గాల్లోనే నిలిచిపోయింది. బల్ల మీది రోగి, గుచ్చేశారనుకుని ‘అవ్వో’ అని అరిచి, ధోవతి సర్దుకుని వెళ్లిపోయాడు. డాక్టరు ఆపనైనా లేదు.

“మందు పేరా? మనిషికా?” ఆయన ముఖం పాలిపోయింది. “ఎన్ని గంటలకు?”

“తొమ్మిదికి. మీరు జర మా అత్తమ్మకు చెప్పుండ్రి సారూ. మీ మాటైతే ఇంటది.”

“వస్త. దవాఖాన బంద్ వెట్టయినా వస్త. నువ్వు ఫికర్ చెయ్యకమ్మా.”

చచ్చేంత జ్వరమున్నా రోగినే రమ్మనే డాక్టరు ఇంత దయామయుడా అని నర్మద దారంతా ఆశ్చర్యపోయింది.

మర్నాడు వాకిలి నిండా జనం. ఖాళీ సీసాకు బాలవ్వ బంతిపూల దండ వేసింది. ఉయ్యాల మీదికి వంగి పాప చెవిలో పేరు చెప్పబోయింది.

“ఆగు బాలవ్వా!” డాక్టరు రొప్పుతూ వచ్చాడు. “గా పేరుకు అర్థమే లేదు. వెనక ‘సిల్లిన్’ ఉంటే పెన్సిలిన్ ఖాందాన్ మందు అని గుర్తు, గంతే!”

“అంటే ఇంటిపేరు గూడ ఉన్నదన్నట్టు! మంచిగనే ఉన్నది.”

“గా ఖాందానే బూజుల నుంచి పుట్టింది!”

“మా మగ్గాల కిందున్నదంత బూజే గద సారూ. అయితే మనింటి పిల్లనే!”

వాడంతా గొల్లుమంది. డాక్టరు చెమట తుడుచుకున్నాడు.

“నవ్వులాట గాదు. బడిల హాజరు పిలిస్తే క్లాసంత చేదు తిన్నట్టు మూతి వెడ్తరు. జరమొచ్చిన పోరడల్లా వచ్చి ‘నిన్ను నాకితే తగ్గుతదా’ అంటడు. లగ్గం పత్రిక అచ్చేసేటోడు రెండుసార్లు మనిషిని పంపి అడుగుతడు. పీటల మీద అయ్యగారు మంత్రం ఆపి నవ్వుతడు. అత్తగారింట్ల ‘భోజనం ముందా, తర్వాతా’ అని ఎక్కిరిస్తరు!”

నర్మదకు కళ్లలో నీళ్లు తిరిగాయి. కన్నతల్లికే తోచని కష్టాలు ఈ మహానుభావుడికి ఎట్లా తోచాయో!

బాలవ్వ మెత్తబడింది. “మరి నా మొక్కు? బతికిచ్చినోళ్ల పేరు వెడ్తనని ఒట్టేసిన.”

“మందుకు కాళ్లున్నయా బాలవ్వా, నడిచొచ్చి నోట్లె పడెటందుకు? ఏ మందియ్యాల్నో తెలిసినోడు ఉండాలె గద. బతికిచ్చింది సీసా గాదు, మనిషి!” గెలిచానన్న ఊపులో డాక్టరు రొమ్ము చరుచుకున్నాడు.

బాలవ్వ ఉయ్యాల వదిలి లేచింది. సీసా మెడలోని దండ తీసి డాక్టరు మెడలో వేసింది.

“నిజమే సారూ. బతికిచ్చింది నువ్వే. పోరికి నీ పేరే వెడ్త. మొగ పేరైతేంది, చివర ‘అమ్మ’ తగిలిస్త.”

ఏదైనా మనిషి పేరే కదా అని నర్మద గుండె మీద చెయ్యి వేసుకుంది. వాడంతా చప్పట్లు కొట్టింది. డాక్టరొక్కడే కొట్టలేదు.

“రావు డాక్టరనుడే గని, నీ పూర్తి పేరు మాకు తెల్వకపాయె. ఏంది సారూ?”

డాక్టరు బయటికి పోయే దారి వైపు చూశాడు. సక్కుబాయి అడ్డంగా నిలబడి ఉంది.

“మాది ఆదిలాబాద్ అడవుల దిక్కు. నాకు పేరు వెట్టకముందే మలేరియా చలిజరం వచ్చిందట. మా అమ్మ గూడ నీ లెక్కనే మొక్కి...”

“కత తర్వాత జెప్పు సారూ, పేరు జెప్పు! పోరి నిద్రవోతున్నది.”

“నా పేరు క్వినైన్‌రావు.”