నలభై ఒకటో నంబరు

“నలభై ఒకటి!”

“ప్రెజెంట్ సార్!”

గొంతు నలభై ఒకటిదే. మనిషి మాత్రం కాదు. మూడో బెంచీలో పుస్తకం అడ్డం పెట్టుకుని పలికింది చిలక. ఎవరి గొంతైనా ఇట్టే పట్టేస్తుందని ఆమెకా పేరు పెట్టారు.

మాస్టారు హాజరు పట్టీలోంచి తల ఎత్తలేదు. నూట ఇరవై మంది పిల్లలు. ఆయనకు కావలసింది పలికే నోరు, ముఖాలతో ఏం పని?

నలభై ఒకటి అసలు పేరు పట్టీలో బారెడుంది. అందరూ పిలిచేది మాత్రం నిదానం అని. నడక నిదానం, మాట నిదానం, చదువు మరీ నిదానం. అయినా ఒక్క పరీక్ష తప్పలేదు. వాళ్ల ఇంటావంటా కాలేజీ గడప తొక్కింది ఆ పిల్లొక్కతే.

ఆ నిదానం ఒక గురువారం పొద్దున్నే పరుగుపరుగున వెళ్లిపోయింది.

ఇంటి నుంచి ఫోనొచ్చింది. వాళ్లమ్మ కిందపడి చెయ్యి విరగ్గొట్టుకుంది. లాండ్రీ కొట్టులో చెయ్యి సాయానికి మనిషి లేదు. చదివింది చాలు, వచ్చెయ్యమన్నాడు తండ్రి. పిల్ల కళ్లు వాచేలా ఏడ్చింది. సంచిలో రెండు జతలు కుక్కుకుంది. హాస్టల్ గదిలో తోడుండే చిలక చేతులూ, పొడుగు అని అందరూ పిలిచే ఇంకో పిల్ల చేతులూ పట్టుకుంది.

“నాన్నని ఎలాగోలా ఒప్పించి రెండ్రోజుల్లో వచ్చేస్తానే. ఈలోగా నా పేరు పోనివ్వకండి. మీకు పుణ్యముంటుంది.”

అక్కడి పద్ధతి అలాంటిది మరి. వరసగా పది రోజులు రాకపోతే పేరు కొట్టేసి ఇంటికి ఉత్తరం వేస్తారు. పేరు పోతే సీటు పోయినట్టే. మళ్లీ కావాలంటే తలకిందులుగా తపస్సు చేసినా రాదు.

రెండు రోజులు పదయ్యాయి. పది ఇరవై అయ్యాయి. ఎన్నిసార్లు చేసినా నిదానం ఫోను మోగనే లేదు.

“చార్జర్ ఇక్కడే మర్చిపోయిందే,” అంది పొడుగు, మంచం కింద వెతికి.

“ఇంకెక్కడా చార్జర్లు దొరకవా? ఫోను వాళ్ల నాన్న లాక్కుని ఉంటాడు.”

“అంతేనంటావా?”

“కాకపోతే? గదిలో పెట్టి తాళం కూడా వేసుంటాడు. రాక్షసుడు!”

చూడని మనిషికి కొమ్ములు మొలిపించడం ఎంతసేపు! వారం తిరిగేసరికి ఆ తండ్రికి కోరలు కూడా వచ్చాయి.

ఆఫీసులో అడిగితే వాళ్లింటి నంబరు దొరుకుతుంది. కానీ అడిగితే గుట్టు రట్టవుతుంది. రోజూ క్లాసులో ఉన్న పిల్ల కోసం ఇంటికి ఫోనెందుకని అడిగితే ఏం చెబుతారు? అందుకని ఇద్దరూ నోరు కుట్టేసుకున్నారు.

ఒకరోజు చిలకకు జ్వరం. పొడుగు వణుకుతూ పలికింది. మాస్టారి కలం ఆగింది.

“ఏమ్మా నలభై ఒకటీ, గొంతేమైంది?”

“జలుబు సార్.”

“ఆవిరి పట్టు.”

ఆ ఏడాది ఆయన ఒక విద్యార్థి బాగోగులు అడగడం అదే మొదలు. గదికొచ్చి పొడుగు ఆ ముచ్చట చెబితే పడీపడీ నవ్వుకున్నారు. అంతలో ఎందుకో ఇద్దరికీ నవ్వు ఆగిపోయింది. ఎదురుగా నిదానం మంచం. దుప్పటి మడత మీద వేలు పెడితే అచ్చు పడేంత దుమ్ము.

ఒక శనివారం చిలక ఏదో సంతకం కోసం ఆఫీసుకెళ్లింది. గుమాస్తా ఫోనులో ఉన్నాడు.

“వస్తోందండీ... రోజూ వస్తోంది... బెంగ పెట్టుకోకండి బాబూ!” అని పెట్టేసి విసుక్కున్నాడు. “తండ్రులు! పిల్లల్ని ఇక్కడ చేర్పించి, అక్కణ్ణుంచి నా ప్రాణం తోడేస్తారు.”

‘తండ్రంటే అలా ఉండాలి,’ అనుకుంది చిలక. నిదానం తండ్రిని మనసులోనే తిట్టుకుంది.

యాభై రెండో రోజున హాల్ టికెట్లు వచ్చాయి. నోటీసు బోర్డు మీద ఇంకో కాగితం కూడా అంటించారు. ఒక్క రోజైనా మానని విద్యార్థుల జాబితా అది. మొదటి పేరు నిదానానిదే. చిలకకే ఆ భాగ్యం లేదు.

పొడుగు దొంగ సంతకం పెట్టి నిదానం హాల్ టికెట్ తీసుకుంది. దాని మీద ఇంటి చిరునామా ఉంది. ఆదివారం ఇద్దరూ రెండు బస్సులు మారి బయల్దేరారు.

“ముందు కాళ్లు పట్టుకుందాం,” అంది చిలక.

“వినకపోతే?”

“పోలీసుల్ని తెస్తామందాం. పిల్లని తీసుకోకుండా కదిలేది లేదు.”

సందు మొదట్లోనే లాండ్రీ కొట్టు. బక్కపల్చటి మనిషి చొక్కా కాలరు మీద ఇస్త్రీ పెట్టె నడుపుతున్నాడు. పక్కన ఆయన భార్య ఒంటి చేత్తో దుప్పట్లు మడతపెడుతోంది. వెనక ఒకటే గది. తలుపుకు తాళం కాదు కదా, గడియ కూడా లేదు. గుమ్మంలో రెండే జతల చెప్పులున్నాయి.

ఎందరి గొంతుతోనో పలికిన చిలకకు తన గొంతు పెగల్లేదు. హాల్ టికెట్ ముందుకు చాపింది.

ఆయన ఇస్త్రీ పెట్టె నిలబెట్టాడు. చేతులు తుడుచుకుని, కాగితం మీద కూతురి ఫొటో చూసి, కళ్లొత్తుకున్నాడు.

“కాలేజీ పిల్లలా? రండమ్మా, రండి. ఆ రోజు నేనే నోరు జారాను. చదువు మానెయ్యమంటే ఏ పిల్లకు మండదు? ఇది చెయ్యి విరిగి మూలన పడింది, కొట్టు వదిలి నేను రాలేకపోయాను.”

అంటూనే ఆయన వాళ్ల భుజాల మీదుగా సందులోకి తొంగి చూశాడు.

“అలిగి ఇంటికి రాకపోయినా, ఫోను ఆపేసుకున్నా, రోజూ క్లాసులోనే ఉందని శనివారం శనివారం ఆఫీసాయన చెప్పే ఆ ఒక్క మాట పట్టుకునే బతుకుతున్నామమ్మా... ఏదీ మా పిల్ల, ఇంకా కోపం పోక సందు చివరే నిలబడిందా?”