పర్మిషన్ వచ్చిన రోజు

"పర్మిషన్ వచ్చిందా అమ్మా?"

కోర్టు వరండాలో, బల్ల మీద పక్కన కూర్చున్న ముసలాయన అడిగాడు.

తబితకు ఒళ్లు మండింది. వాయిదా వాయిదాకీ ఇదే ప్రశ్న.

"ఇంకా రాలేదండి," అంది ముక్తసరిగా.

ఆమె భర్త ఆరోన్ రొయ్యల చెరువు కౌలుకు చేసేవాడు. మేత అరువు కోసం చెరువుల వాళ్లంతా చేసే పనే అతనూ చేశాడు. కొట్టు షావుకారుకి ఖాళీ ప్రాంసరీ నోటు మీద సంతకం పెట్టి ఇచ్చాడు. రొయ్యల పట్టుబడి అయ్యాక బాకీ మొత్తం తీర్చేశాడు. నోటు వెనక్కి అడగడానికి మాత్రం మొహమాటపడ్డాడు.

అతను పోయిన రెండు నెలలకు ఆ నోటు ఎనిమిది లక్షలై కోర్టుకెక్కింది.

మామూలు దావా అయితే వేరు. ఇది సమ్మరీ దావా. 'నా మాట కూడా వినండి' అనడానికే జడ్జిగారు అనుమతి ఇవ్వాలి. ఇవ్వకపోతే నేరుగా డిక్రీ. చర్చి వీధిలోని రెండు గదుల ఇల్లు వేలానికి పోతుంది. తబితకు మిగిలింది ఆ ఇల్లొక్కటే.

అంతలో షావుకారు అటుగా వెళుతూ ఆగాడు.

"ఏంటండీ, ఒంట్లో ఎలా ఉంది?" అని ముసలాయన్ని పలకరించాడు.

ముసలాయన తల దించుకున్నాడు.

షావుకారు వెళ్లగానే తబిత అడిగేసింది. "మిమ్మల్ని రాజీకి పంపారా?"

"లేదమ్మా. నా అంతట నేనే వస్తున్నాను. పర్మిషన్ వస్తే ఇక్కడ నాకో పనుంది."

"నా ఇల్లు పోతుంటే చూడ్డమా? ఇంకెప్పుడూ నా పక్కన కూర్చోకండి."

ఆయన లేచాడు. పిడికి ఎర్రగుడ్డ చుట్టిన గొడుగు తీసుకుని, దగ్గుకుంటూ దూరంగా స్తంభం దగ్గరికి వెళ్లాడు. తర్వాతి రెండు వాయిదాలకూ అక్కడే నిలబడ్డాడు, బల్ల ఖాళీగా ఉన్నా.

మూడో వాయిదాకి పర్మిషన్ వచ్చింది.

తబిత కళ్లు తుడుచుకుంటూ బయటికొచ్చింది. స్తంభం దగ్గర ఎవరూ లేరు. పీడా విరగడైందనుకుంది.

లాయరు శ్రీదుర్గ నోటు కాపీ తీసింది.

"అసలు పని ఇప్పుడుందండి. సాక్షులిద్దరూ షావుకారు బావమరుదులే. మనకున్న దిక్కు ఈ నోటు రాసినాయన. కుక్కుటేశ్వరరావుగారని, కొట్లో పాత గుమాస్తా. మీవారు పోయాకే అంకెలు నింపానని ఆయన బోనెక్కి చెబితే ఇల్లు నిలబడుతుంది."

"చెబుతారంటారా?"

"అడిగి చూద్దాం. ఇల్లెక్కడో కనుక్కున్నాను."

ఆ మధ్యాహ్నమే ఇద్దరూ వెళ్లారు. ఓ పెద్దావిడ తలుపు తీసింది.

"కుక్కుటేశ్వరరావుగారు ఉన్నారా అండి?"

"పోయిన గురువారం పోయారమ్మా."

తబిత అరుగు మీద కూలబడింది. పర్మిషన్ వచ్చిన సంతోషం పూటైనా నిలవలేదు.

"కోర్టు నుంచి వచ్చారా?" ఆవిడే అడిగింది. "ఊపిరాడకపోయినా ప్రతి వాయిదాకీ వెళ్లేవారు. వద్దంటే వినేవారు కాదు. 'రాసిన చెయ్యి నాది, చెప్పాల్సింది నేనే. ఆ అమ్మాయికి పర్మిషన్ రానీ' అనేవారు."

తబిత తలెత్తింది.

గుమ్మం పక్కన మేకుకి, పిడికి ఎర్రగుడ్డ చుట్టిన గొడుగు వేలాడుతోంది. బల్ల మీంచి తను లేపి పంపేసిన మనిషే తనకున్న ఒకే ఒక్క సాక్షి.