నలిపి చూడు

ఏటిగట్టు కింద మట్టంతా తవ్వి పోసి ఉంది. టీచరమ్మ అక్కడే చతికిలబడింది.

చుట్టుపక్కల ఇంకెక్కడా మొలవని అడవి వెల్లుల్లి. ఒక్క దుబ్బు మిగల్లేదు. పక్కనే, అవే సన్నటి ఆకులతో, అవే తెల్లటి పూలతో, విషపు దుంపల మొక్కలు మాత్రం చెక్కుచెదరలేదు.

"తెలిసినవాళ్ళ పనే అక్కా," అంది పక్కింటి నర్సు. "ఆకు నలిపి, వాసన చూసి మరీ పీకారు."

"ఆ తెలిసినవాళ్ళు ఎవరు? నేను నేర్పింది నీ ఒక్కదానికేగా!"

నర్సు తెల్లబోయింది.

ఏ మొక్క ఎవరి చుట్టమో ఎంత ముచ్చటపడి నేర్పిందో! కాడ పలకలుగా ఉండి, ఆకులు ఎదురెదురుగా ఉంటే పుదీనా వాళ్ళు. పూలు గొడుగులా విచ్చుకుంటే కొత్తిమీర వాళ్ళు, వాళ్ళలో హంతకులూ ఉన్నారు, నోట పెట్టకు. ఉల్లి వాళ్ళ విషయంలో కళ్ళని నమ్మకు, నలిపి చూడు. "మీకు మనుషుల కంటే వీళ్ళ చుట్టరికాలే బాగా తెలుసక్కా" అని నవ్వేది నర్సు.

"కావాలంటే నా చేతులు వాసన చూడండక్కా. సబ్బుతో తోమినా ఓ పట్టాన వదలదని మీరేగా చెప్పారు!"

చాచిన చేతుల్ని టీచరమ్మ తోసేసింది. "ఇంకెప్పుడూ నా గడప తొక్కకు."

ఇంటికొచ్చేసరికి భర్త వరండాలో పేపరు చూస్తున్నాడు. రోజూ చీకటి పడేవేళ గట్టు దాకా వచ్చి ఆమెని పిలుచుకొచ్చే మనిషి, ఇవాళ రాలేదు.

"ఏంటే, ఆ మొహం?"

చెప్పింది. ఆయన నిట్టూర్చాడు. "ఆ పిల్ల మీద నాకు మొదట్నుంచీ అనుమానమే."

"మీకేం తెలుసు? అన్నం దగ్గర రోజూ చెప్పి చచ్చినా గడ్డికీ గరికకీ తేడా తెలీదు మీకు."

"నాకు అన్నీ పశువుల మేతేలే."

ఒకసారి ఆ ఆకు ఇంటికి తెస్తే ముక్కు మూసుకున్నాడు. ఆయనకి పడదనే, కాపురానికొచ్చింది మొదలు ఆమె వంటింట్లోకి వెల్లుల్లి రానివ్వలేదు.

"పోనీలే, ఏడవకు," అన్నాడు. "తమ్ముడి ఊరు పోదామని ఎన్నాళ్ళుగా మొత్తుకుంటున్నాను? ఆ మొక్కల్ని వదిలి రానన్నావు, ఆ పిల్లని వదిలి రానన్నావు. ఇప్పుడింకేముంది ఇక్కడ?"

ఏమీ లేదు. ఎవర్ని వదలాలన్నా ప్రాణం పోయినట్టుండే మనిషి, మొదటిసారి తల ఊపింది. మిగిలింది ఈయనొక్కడే.

కళ్ళు ధారకట్టాయి. ఆయన లేచి వచ్చి, చంటిపిల్లకి తుడిచినట్టు, అరచేత్తో ఆమె చెంపలు తుడిచాడు.

వెల్లుల్లి వాసన.