మొగ్గ విచ్చేలోపు

లవీనా గునపం ఒళ్లో పెట్టుకుని రాతిగట్టు మీద కూర్చుంది. పొద్దుటినుంచీ ఒక్క దుంప తవ్వలేదు.

చుట్టూ చేదుదుంప మొక్కలే. అరచేయంత కూడా లేవు. రాళ్ల సందుల్లో నేలకు అంటుకుని, లేత ఆకులు చిట్టి వేళ్లలా చాపుకుని ఉన్నాయి. నడుమ గులాబీ మొగ్గలు. అవి విచ్చుకున్నాయంటే దుంప మీది తొక్క ఊడిరాదు. ఆ ఏటికి తవ్వకం అయిపోయినట్టే. పక్క వాలును అప్పటికే పనికిరాని గడ్డి కమ్మేసింది. మిగిలింది ఈ గట్టొక్కటే.

కింద కారు ఆగింది. ఆడపడుచు ఎర్మా ఆయాసపడుతూ ఎక్కి వచ్చింది.

"ఇంటికెళ్లాను వదినా. తాళం వేసుంది. ఇక్కడే ఉంటావనుకున్నా."

"ఉన్నానుగా. ఏంటింత పొద్దున్నే?"

ఎర్మా ఖాళీ నారసంచి వైపు చూసింది. "తవ్వలేదేం?"

"నేను తవ్వచ్చంటావా?"

ఆ మాటకు అర్థం ఇద్దరికీ తెలుసు. అయినవాళ్లు పోయారన్న కబురు విన్న రోజునుంచీ ఏడాదిపాటు ఆడవాళ్లు దుంప తవ్వకూడదు, ముట్టుకోకూడదు. ఆ చెయ్యి తగిలితే మరుసటేడు నేల ముఖం చాటేస్తుంది.

లవీనా కూతురు టియానా మంచు కురిసే రోజుల్లో పనికని వెళ్లి తిరిగి రాలేదు. వంతెన పక్కన కారు దొరికింది. పిల్ల దొరకలేదు. పోలీసులు కొన్నాళ్లు వెతికి మానేశారు.

"ముఖం మీద ఎవరూ అనరు," అంది లవీనా. "దుకాణంలో నన్ను చూడగానే గొంతులు తగ్గిస్తారు. వాళ్లకి అది పోయినట్టే లెక్క. నేను తవ్వితే ఏమంటారో!"

"నీకెవరైనా కబురు చెప్పారా?"

"లేదు."

"కబురు వినకుండానే కూర్చుంటావేం? లే."

లవీనా నోరు తెరిచింది. "నువ్వేనా ఈ మాటనేది! పోయినేడు దుంపల విందులో పాట అయ్యేదాకా ఆగకుండా ముక్క నోట్లో వేసుకుందని టియానాని ఉతికేశావు."

"దానికి ఆకలెక్కువ, నీకు బుర్ర తక్కువ. లేస్తావా, లేపనా?"

లవీనా ఫక్కున నవ్వింది. శీతాకాలం తర్వాత ఆమె నవ్వడం అదే మొదలు.

"నిజం చెప్పనా ఎర్మా? వచ్చే ఏడు తవ్వుదాంలే అనుకోడానికి నాకు వచ్చే ఏడు లేదు. రక్తం కడిగే మిషను కూడా నన్ను చూసి విసుక్కుంటోంది. డాక్టరు ముఖం ఎత్తి మాట్లాడ్డం మానేశాడు."

"అందుకే లెమ్మంటున్నా."

లవీనా లేచింది. మొదటి మొక్క దగ్గర వంగి, తమ తెగ భాషలో ప్రార్థన గొణుక్కుని, గునపం దించి ఒక్క కుదుపు కుదిపింది. తడిమట్టి వాసన గుప్పుమంది. దుంప పైకొచ్చింది. తొక్క మేజోడులా జారింది. లోపలంతా తెలుపు. దుంప మొదట్లో ఉన్న చిన్న ఎర్ర గుండెను గోటితో గిల్లి తీసింది. చేదంతా అందులోనే ఉంటుంది.

"చూడవే, ఎంత తెల్లగా ఉందో!"

"ఊఁ."

"ఊఁ ఏంటి? నువ్వూ పట్టు."

"నడుం పట్టేసింది."

"పోనీ తొక్కలైనా తియ్యి."

"గోళ్లకి రంగేసుకున్నా. పాడవుతుంది."

"ఏదీ, చూపించు!"

ఎర్మా చేతులు కోటు జేబుల్లో దోపుకుంది.

"మీ అమ్మ ఊరికే అనేది కాదు," అంది లవీనా. "నా కోడలు తవ్వడానికి పుట్టింది, నా కూతురు తినడానికి పుట్టింది అని."

"అవును మరి. చల్లగాలికి నాలుగు తిట్లు తిందామనే వచ్చా."

మధ్యాహ్నానికి లవీనా బుగ్గల్లోకి రంగొచ్చింది. మొక్క నుంచి మొక్కకు మోకాళ్ల మీదే జరుగుతోంది. కనబడ్డ ప్రతి మొగ్గనూ వేలితో తాకి పలకరిస్తోంది.

"ఎర్మా, ఆచారం తప్పితే ఒప్పుకోని మనిషివి. నువ్వే తవ్వమన్నావంటే నీకూ నమ్మకం ఉన్నట్టే. అది బతికే ఉంటుంది కదూ?"

"మాట్లాడుతూ ఉంటే సంచి నిండదు వదినా."

"ఎండబెట్టి ఉంచుతా. వచ్చాక పంచదారేసి ఉడికించి పెడతా. చిన్నప్పుడు గిన్నె అడుగు కూడా నాకేది కదా!"

"నాకేది," అంది ఎర్మా, కొండల వైపు తిరిగి.

సంచి నిండింది. దిగేటప్పుడు లవీనా రొప్పింది. ఎర్మా సంచి అందుకోలేదు. వదిన మోచెయ్యి మాత్రం గట్టిగా పట్టుకుని నడిపించింది.

"ఒళ్లు వంచవు కదా!" అని లవీనా మళ్లీ నవ్వింది. "రేపు కూడా వద్దామా?"

"ముందు ఇంటికెళదాం పద."

నది దిగువన దొరికిన టియానాను ఆ ఉదయమే శవాల గదిలో గుర్తుపట్టి, ఆ కబురు చెప్పడానికే ఎర్మా గట్టెక్కింది.