ఆడించినవాడు

“ఆపండమ్మా! నా పాటని ఇలా ఈడుస్తారా? దీని వేగం ఎవరు చంపేశారు?” ఎత్తిన కాలు ఎత్తినట్టే ఉంచి అరిచాడు మ్యూజిక్ ప్రొడ్యూసర్.

మోకాళ్లు మార్పించుకున్నవాళ్ల కసరత్తు గదిలో కడ్డీ పట్టుకుని వరసగా నిలబడ్డ ముసలివాళ్లంతా హాయిగా కాళ్లు దించేశారు.

“నేనేనండీ,” అంది కసరత్తు చేయించే అమ్మాయి. “అసలు వేగంతో పెడితే వీళ్ల మోకాళ్లు ఊడి చేతికొస్తాయి.”

“మూడు తరాల్ని ఊపేసిన డాన్స్ పాట ఇది!”

“నిజమేనండీ. కొత్తగా వేసిన మోకాళ్లకి ఇంతకు మించిన పాట లేదు.”

పక్కనే కడ్డీ పట్టుకున్న భార్య కిసుక్కున నవ్వింది. ఆయనకి ఒళ్లు మండింది.

“పద, ఇంటికి పోదాం.”

“మీరు వెళ్లండి. పెళ్లయిన దగ్గర్నుంచీ ఈ పాటకి నాతో ఒక్కసారి ఆడమంటే, ‘చేతిలో పనుంది, నువ్వు ఆడుకో’ అన్నారు. నేనిప్పుడు ఆడుకుంటున్నాను.”

విసురుగా తలుపు దాకా వెళ్లి ఆగిపోయాడాయన. లోకాన్నంతా ఆడించిన మహానుభావుడికి, తాను ఆడిన రోజు ఒక్కటంటే ఒక్కటి కూడా గుర్తుకు రాలేదు.

వెనక్కొచ్చి భార్య పక్కన కడ్డీ పట్టుకున్నాడు. పాట మళ్లీ మొదలైంది. మూడో దరువుకే కాలు తడబడింది.

“మీ పాటేగా, తాళం తప్పుతున్నారేం?” అంది భార్య.

ఆయన ఆమె వైపు చూడకుండా గొంతు సవరించుకున్నాడు.

“అమ్మాయ్, వేగం ఇంకాస్త తగ్గించవమ్మా.”